బెల్టుకు అందిన పాదాలు

పశ్చిమోత్తానాసనంలో నా వేళ్లు పాదాలను తాకవు. పొట్ట అడ్డొస్తుంది. అందుకని అరికాళ్ల చుట్టూ బెల్టు వేసి, రెండు కొసలూ పట్టుకుని, వెన్ను సాగదీస్తూ ముందుకు వంగుతాను. ఆ బెల్టు పుణ్యమా అని ఈ ఆసనం నాకు దక్కింది. ఇలాంటి సాయాలకు ఒక పద్ధతి ఏర్పరిచినవారు యోగా గురువు బి.కె.ఎస్. అయ్యంగార్. ఇన్‌ఫ్లూయెంజా చెలరేగిన 1918లో కర్ణాటకలోని బెళ్లూరులో పుట్టి, చిన్నతనమంతా మలేరియా, టైఫాయిడ్, క్షయలతో చిక్కిపోయిన మనిషి. మొరాయించే ఒంటితో పడే యాతన ఆయనకు తెలుసు. బెల్టులు, చెక్క దిమ్మెలు, తాళ్లు, మడత కుర్చీలు ఆయన శిక్షణలో భాగమయ్యాయి. కుర్చీ పట్టుకుని చేసినా ఆసనం ఆసనమే.

నేను మొదట చేరిన క్లాసులో ఆ మాట ఎవరూ చెప్పలేదు. ఫారంలో పేరు పక్కనే బరువు గడి. ఆ కిందే, ఎన్ని కిలోలు తగ్గాలనుకుంటున్నారని ప్రశ్న. గోడమీద 'మీ శరీరాన్ని ప్రేమించండి' అన్న పోస్టరు. చాలా బాధేసింది.

ఎందుకంటే ఆ పోస్టరు మాట వెనక ఒక పోరాటం ఉంది. అమెరికాలో లావుగా ఉన్నవాళ్ల హక్కుల కోసం 1969లోనే ఒక సంఘం పుట్టింది. 1973లో ఉద్యమకారులు జూడీ ఫ్రీస్పిరిట్, ఆల్డెబరన్ రాసిన ప్రణాళిక ఉద్యోగంలో, చదువులో, వైద్యంలో సమాన హక్కులు అడిగింది. బరువు తగ్గిస్తామనే వ్యాపారాలను శత్రువులంది. అద్దంలో చూసుకుని మురిసిపోవడం గురించి కాదు వాళ్ల తగువు. ఆ వ్యాపారాలే ఇప్పుడు వాళ్ల భాష మాట్లాడుతున్నాయి. 2018లో వెయిట్ వాచర్స్ అనే బరువు తగ్గించే కంపెనీ తన పేరును రెండక్షరాలకు కుదించి, 'వెల్‌నెస్' అనే మాట తగిలించుకుంది. తిండికి పాయింట్లు లెక్కపెట్టడం మానలేదు. మన దగ్గర 2015లో వచ్చిన 'సైజ్ జీరో' సినిమా సన్నగా చేస్తామనే క్లినిక్కుల మోసాన్నే కథగా తీసుకుంది.

షుగరు, బీపీ ఉత్తుత్తి భయాలని నేననను. పరీక్షలు చేయించుకుంటాను, మందులు వేసుకుంటాను. కానీ మోకాలి నొప్పని వెళ్లినప్పుడు డాక్టరు ముందు మోకాలు చూడాలి. పెళ్లిలో కనబడగానే "ఒళ్లు చేశావేంటమ్మా" అనేవాళ్లు ముందు కుశలం అడగాలి.

యోగా క్లాసులు నడిపేవాళ్లకు నా విన్నపం ఇది. చేతుల్లేని గట్టి కుర్చీలు, పొడవాటి బెల్టులు కొని ఉంచండి. వచ్చినవాళ్లను ఎక్కడ నొప్పి, ఏ ఆపరేషన్ అయింది, రాత్రి నిద్ర పడుతోందా అని అడగండి. బరువు అడక్కండి.