చూపు ఒకచోట, నవ్వు మరోచోట

లంకంత ఇల్లు. పైకప్పుకు వేలాడే రెండు గాజు షాండ్లియర్లు. చెరో నిచ్చెనా ఎక్కిన అన్నదమ్ములు ఒకదాని కింద దుప్పటి పరిచి పట్టుకుని ఊపిరి బిగబట్టారు. పై అంతస్తులో తాత బోల్టు విప్పుతున్నాడు. బోల్టు ఊడింది. దుప్పట్లో ఏమీ పడలేదు. వెనకనున్న రెండో షాండ్లియర్ భళ్లున నేలపాలైంది!

బీబీసీ ధారావాహిక 'ఓన్లీ ఫూల్స్ అండ్ హార్సెస్'లో 1982లో వచ్చిన దృశ్యమిది. రాసినవాడు జాన్ సలివన్. ఎన్నిసార్లు చూసినా ఆ పనితనానికి దణ్ణం పెట్టాలనిపిస్తుంది. అరగంటగా అన్నయ్య డెల్ కొట్టిన గొప్పలన్నీ ఆ గాజుతోపాటే నేలకొచ్చాయి. పైన తాత విప్పుతున్నది ఏ బోల్టో కింద ఎవరూ అడగరు, మనకూ అడగాలని తోచదు. రచయిత దాచింది ఆ ఒక్క ప్రశ్ననే.

సలివన్ 1946లో దక్షిణ లండన్‌లో పుట్టాడు. తండ్రి ప్లంబరు. షాండ్లియర్ ఉదంతం ఆయన నోట విన్నదే. పదిహేనేళ్లకే బడి వదిలిన కుర్రాడు నానా పనులూ చేసి, చివరికి బీబీసీలో సెట్టు సామాన్లు మోసే పనిలో చేరాడు. అక్కడి నిర్మాతకు తన రాతలు చూపించాడు. 1977లో 'సిటిజన్ స్మిత్' అలా తెరకెక్కింది. డెల్ కథ 1981లో మొదలైంది.

1989లో వచ్చిన ఒక భాగంలో డెల్ బార్ కౌంటరుకు ఆనుకుని అమ్మాయిల ముందు దర్జా ఒలకబోస్తుంటాడు. పనివాడొకడు కౌంటరు పలక ఎత్తి వెళ్లిపోతాడు. డెల్ అటు చూడకుండానే మళ్లీ ఆనుకోబోయి కొయ్యలా ఒరిగిపోతాడు. బార్లో ఒకతను ఇలాగే తూలి నిలదొక్కుకోవడం సలివన్ కళ్లారా చూశాడు. నటుడు డేవిడ్ జేసన్ మాత్రం నిలదొక్కుకోడు. ఆసరాకు చెయ్యయినా చాపడు. తన దర్జా మీద డెల్‌కున్న నమ్మకం అంత గట్టిది.

తాత వేషం వేసిన లెనార్డ్ పియర్స్ 1984 డిసెంబరులో కన్నుమూశాడు. ఆ వేషానికి మరో నటుణ్ణి తేవడానికి సలివన్ మనసొప్పలేదు. తాతకు అంత్యక్రియలు రాశాడు. డెల్ కన్నీళ్లతో తాత టోపీని సమాధిలో వేస్తాడు. కాసేపటికి తెలుస్తుంది, అది పాదిరిగారి టోపీ అని. గొంతులో దుఃఖం అలాగే ఉంటుంది, దాని మీదుగా నవ్వు పొంగుకొస్తుంది. హాస్యం రాసేవాళ్లకు ఇంతకన్నా కష్టమైన పరీక్ష నాకు తెలియదు.

1996 క్రిస్మస్ రోజుల్లో వచ్చిన భాగాన్ని 2.43 కోట్ల మంది చూశారు. అందులో, ఏళ్లతరబడి అన్నదమ్ముల గ్యారేజీ తుక్కులో పడున్న పాత గడియారం వేలంలో 62 లక్షల పౌండ్లు పలుకుతుంది. కోటీశ్వరులం కావాలని కలలుగంటూ ఊరంతా తిరిగిన అన్నదమ్ముల కంటికి అది ఆనలేదు. మనమూ వాళ్లతోపాటు ఊరంతా తిరిగామే గాని ఆ మూలకు చూడలేదు. 2011లో సలివన్ వెళ్లిపోయాడు. మనం చూడని మూల ఏదో ఆయనకు ఎప్పుడూ తెలుసు.