బియ్యం ‘నిండుకున్నాయి’

డబ్బాలో బియ్యం లేవని చెప్పడానికి పెద్దవాళ్లు ‘అయిపోయినయ్’ అనరు, ‘నిండుకున్నయ్’ అంటారు. దీపం ఆరిపోదు, కొండెక్కుతుంది. ఒక వ్యాసంలో మాటలు తీసి పర్యాయపదాలు పెడితే కొత్త వ్యాసం తయారవుతుందని నమ్మేవాళ్లు మొదట జారిపడేది ఇక్కడే. ‘నిండుకున్నాయి’ని ‘పూర్తిగా నిండాయి’ అని మార్చే యంత్రం ఖాళీ డబ్బాను అంచుదాకా నింపేస్తుంది. ‘నీళ్లు నమిలాడు’ కాస్తా ‘ఉదకం నమిలాడు’ అయితే నిఘంటువు ఒప్పుకుంటుంది, చదివేవాడు నవ్వుతాడు.

2016లో ఏర్పడిన కామారెడ్డి జిల్లాలో తాడ్వాయి ఒక మండలం. మేడారం జాతర జరిగే ములుగు జిల్లాలో మరో తాడ్వాయి ఉంది. పేరు ఒకటే, చోట్లు రెండు. పర్యాయపదాల పక్కనే నానార్థాలూ బట్టీపట్టే పిల్లలకు ఇంతకంటే దగ్గరి ఉదాహరణ దొరకదు. ఆ మాటకొస్తే ఈ ఊళ్ల పిల్లలకు పర్యాయపదాలు పాఠానికి ముందే వచ్చు. ఇంట్లో మక్కలు, పుస్తకంలో మొక్కజొన్న. ఇంట్లో పుంటికూర, ఆలుగడ్డ. టీవీలో గోంగూర, బంగాళాదుంప. అర్థం ఒకటే. కానీ అమ్మతో ‘గోంగూర’ అన్న పిల్లవాడిని ఎవరింటి చుట్టమో వచ్చినట్టు చూస్తారు.

ఈ కాలమ్ రాసేవాడికీ పర్యాయపదాల జబ్బు ఉంది. చెరువు తెగిన వార్తలో ‘చెరువు’ రెండోసారి వస్తే చెయ్యి ఊరుకోదు. ‘తటాకం’ అవుతుంది, మూడోసారి ‘జలాశయం’. అప్పటికి ఊరి చెరువు కాస్తా ప్రాజెక్టు అయి కూర్చుంటుంది.

మన పూర్వులకు పర్యాయపదాల పిచ్చి తక్కువేమీ కాదు. అమరకోశం వల్లె వేయించిన వీధిబడులు సరే, అచ్చంగా తెలుగు మాటలకే పైడిపాటి లక్ష్మణకవి పద్యాల్లో ‘ఆంధ్రనామ సంగ్రహం’ కూర్చాడు. అందులో చేరని మాటలతో అడిదం సూరకవి ‘ఆంధ్రనామ శేషం’ రాశాడు. కంఠతా పట్టడానికి వీలుగా ఉండాలనే ఈ నిఘంటువులు పద్యాల్లో ఉన్నాయి. పద్యం చెప్పేవాడికి గణం కుదరాలి, యతి పడాలి. ఒక మాట ఇమడకపోతే ఇంకొకటి నాలుక చివర సిద్ధంగా ఉండాలి.

అవధానంలో నిషిద్ధాక్షరి ఆ సరుకుకు అసలు పరీక్ష. అవధాని ‘రా’ అనగానే రాబోయేది ‘మ’ అని పసిగట్టి పృచ్ఛకుడు ఆ అక్షరాన్ని నిషేధిస్తాడు. అవధాని ‘ఘ’ వేసి రాఘవుడి వైపు తిరుగుతాడు. రాముడు మారలేదు, దారి మారింది. పృచ్ఛకుడు అక్కడా కాపు కాస్తే ఆయన మరో సందు వెతకాలి. సభ చప్పట్లు కొట్టేది ఆ తప్పించుకోవడానికే.

16వ శతాబ్దపు మరింగంటి సింగరాచార్యులు తనకు తానే పృచ్ఛకుడయ్యాడు. పెదవులు తగిలే ప, ఫ, బ, భ, మ లేకుండా రామకథ రాశాడు. ‘రామ’ అనే వీలే లేదు. అందుకే కావ్యం పేరు ‘దశరథరాజనందన చరిత్ర’. పలికి చూడండి, పెదవులు కలవవు.

అదే కాలంలో పొన్నికంటి తెలగన సంస్కృత పదాలు పక్కనపెట్టి అచ్చతెలుగులో ‘యయాతి చరిత్ర’ రాసి, గోల్కొండ ఏలుబడిలోని అమీన్‌ఖాన్‌కు అంకితమిచ్చాడు. ఆ దొర పేరుకు పర్యాయపదం దొరకదు కదా. అన్నట్టు, సంస్కృతం వద్దనుకున్న ఆ కావ్యం పేరులో ‘చరిత్ర’ అలాగే ఉండిపోయింది.