కాళ్లకు కాస్త పట్టు

వ్యక్తిత్వ వికాసం క్లాసులో కూర్చున్న ప్రతివాళ్లూ ఈ కథ వినే ఉంటారు. గూట్లోంచి బయటపడలేక సీతాకోకచిలుక గింజుకుంటోందట. చూసినాయన జాలిపడి కత్తెరతో గూడు చీల్చాడట. రెక్కలు విచ్చుకోక అది జన్మంతా పాకుతూనే గడిపిందట. ‘కాబట్టి పిల్లలూ, కష్టాలే మనకు బలం’ అని ముక్తాయింపు. పెరట్లో కరివేపాకు మీది పురుగుల్ని తెచ్చి ఇంట్లో సాకే అలవాటున్నదాన్ని కదా, ఈ కథ విన్నప్పుడల్లా నాకు ఒళ్లు మండుతుంది.

కత్తెర పెట్టకూడదన్నంతవరకూ నిజమే. మిగతాదే తప్పు. సీతాకోకచిలుకల్లో చాలామటుకు పట్టుపురుగులా చుట్టూ గూడు అల్లుకోవు. పురుగు చివరిసారి చర్మం విడిచాక గట్టిపడే పెంకే వాటి ప్యూపా. వేళ వచ్చినప్పుడు ఆ పెంకు తల వెనక పగులుతుంది. మామూలుగా ఒకటి రెండు నిమిషాల్లో ప్రాణి బయట ఉంటుంది. గండం ఆ తర్వాతే.

బయటికొచ్చినప్పుడు పొట్ట ఉబ్బి ఉంటుంది. రెక్కలు తడితడిగా, ముడుచుకుపోయి, ఇవేం రెక్కలు అనిపించేంత చిన్నగా ఉంటాయి. కాళ్లతో తడుముకుంటూ పైకి ఎగబాకి, ఒకచోట వేలాడి, ఒంట్లోని ద్రవాన్ని రెక్కల ఈనెల్లోకి నెడుతుంది. చూస్తుండగానే ముడతలు సాగుతాయి. ఈలోగా నోటి దగ్గర ఇంకో పని నడుస్తుంటుంది. తేనె పీల్చే గొట్టం పుట్టుకతో రెండు చీలికలు. వాటిని చుడుతూ, విప్పుతూ ఒక్కటిగా అతికించుకుంటుంది. రెక్కలు ఆరి గట్టిపడడానికి గంటకు పైనే పడుతుంది. అంతసేపూ వేలాడే చోటు కావాలి, కింద రెక్క నిడివికి మించి ఖాళీ కావాలి. కాలు జారి పడి మళ్లీ ఎక్కలేకపోతే రెక్కలు ముడతలతోనే ఆరిపోతాయి. ఇక ఎగరదు. కష్టం చాలక వచ్చిన అవిటితనం కాదది, కాలికి పట్టు దొరక్క వచ్చింది.

అందుకే గాజు సీసా పనికిరాదు. గోడలు నున్నగా ఉంటాయి, లోపల చెమ్మ పడుతుంది, చెమ్మ వెంట బూజూ రోగమూ వస్తాయి. దోమతెర గుడ్డ బిగించిన పెట్టె మేలు. గాలి ఆడుతుంది, నాలుగువైపులా కాళ్లకు ఆసరా ఉంటుంది. ఊడి కిందపడిన ప్యూపాను కూడా గరుకు గుడ్డ మీద, తెర పక్కనే పడుకోబెడితే చాలు. వచ్చిన ప్రాణి తెర పట్టుకుని పైకి పోతుంది. హిందూపురం వైపు పట్టు రైతులకు ఇది కొత్త సంగతి కాదు. పురుగు పండగానే వెదురు చంద్రిక మీదికి చేరుస్తారు, గూడు అల్లుకోవడానికి దానికో ఆధారం కావాలని.

మిగిలినదంతా ఊడ్చే పని. నేను సాకే లైమ్ బటర్‌ఫ్లై అనే సీతాకోకచిలుకనే చూడండి. తల్లి ఆకును కాళ్లతో తట్టి రుచి చూసుకుని, లేత కరివేపాకు మీద ఒక్కొక్క గుడ్డే పెడుతుంది. మూడు నాలుగు రోజుల్లో వచ్చే పురుగు పిట్టరెట్టలా కనిపించి శత్రువు కన్నుగప్పుతుంది. చివరి దశలో పచ్చబడుతుంది. కదిలిస్తే తల వెనక నుంచి చీలిన కొమ్ము చాచి ఘాటు వాసన వదులుతుంది. ఆ వాసన వచ్చిందంటే మన చెయ్యి అక్కర్లేనిచోట పడిందని అర్థం. ఆకు మార్చేటప్పుడు పురుగును పీకకూడదు. అది కూర్చున్న ఆకునే తుంచి కొత్త రెమ్మకు ఆనిస్తే తనే దాటుకుంటుంది. రెమ్మ పెట్టిన నీళ్ల సీసా మూతికి దూది కుక్కాలి, లేకుంటే దిగి మునుగుతుంది. రెట్టలు రోజూ తీసెయ్యాలి. బజారు కరివేపాకు కట్ట పెట్టకపోవడమే మంచిది. దాని మీద మిగిలిన మందు మన కంటికి కనబడదు, పురుగు ప్రాణం తీస్తుంది.

ఇంత చేసినా ఒక్కోసారి ప్యూపాకు కన్నం చేసుకుని చిన్నచిన్న కందిరీగలు గుంపుగా బయటికొస్తాయి. వాటి బతుకుతెరువూ అదే.

మొక్క మారిస్తే కుదరదు. ప్లెయిన్ టైగర్ సీతాకోకచిలుక పురుగుకు జిల్లేడు, క్రిమ్సన్ రోజ్ పురుగుకు ఈశ్వరి తీగ కావాలి. అది లేకపోతే పురుగు ఆకలితో చస్తుంది తప్ప పక్కమొక్క ముట్టదు. పైగా 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టం కింద రక్షణ ఉన్న జాతులూ ఉన్నాయి. పెరట్లో మామూలుగా కనిపించేవాటితో, అదీ మొక్క తిండి పెట్టగలిగినన్నింటితో సరిపెట్టుకోవాలి.

రెక్కలు ఆరాక అట్టిపెట్టుకోకూడదు, ఎండకాసే పూట వదిలెయ్యాలి. వేళ్లతో రెక్క పట్టుకుంటే పొలుసులు రాలతాయి, వేలు అందిస్తే అదే ఎక్కుతుంది. ముసురు పట్టి ఓ పూట ఆగాల్సివస్తే పలచని పంచదార నీళ్లలో తడిపిన దూది మీద నిలబెట్టాలి. కాళ్లతోనూ రుచి తెలుస్తుంది కనుక, తీపి తగలగానే గొట్టం చాపుతుంది.

బలం రావాలని మనం వాటికి కష్టం పెట్టనక్కర్లేదు. కందిరీగ, పిట్ట, వాన, పురుగుమందు పెడుతూనే ఉంటాయి. వీటిలో మన చేతిలో ఉన్నది చివరిదొక్కటే. కరివేపాకు మొక్కకు మందు కొట్టబోయే ముందు లేతాకులు ఒకసారి తిప్పి చూడండి. పురుగుంటే నాలుగు రెమ్మలు దానికి వదిలెయ్యండి. కరివేపాకు మళ్లీ చిగురేస్తుంది.