ట్లోన్ విజ్ఞాన సర్వస్వంలో మన చోటు

లేని లోకానికి విజ్ఞాన సర్వస్వం రాయడం పనిలేనివాళ్ల పని అని, అర్జెంటీనా రచయిత హోర్హె లూయిస్ బోర్హెస్ 1940లో ప్రకటించిన ‘ట్లోన్, ఉక్బార్, ఓర్బిస్ తెర్తియుస్’ కథను కొట్టిపారేసే మిత్రులు మనలో ఉన్నారు. వారితో నేను ఏకీభవించలేను. ఒక ఆదివారం ఆబిడ్స్ కాలిబాటమీది పాత పుస్తకాల కుప్పలో దీని ఇంగ్లీషు అనువాదం నాకు దొరికింది. చదివాక, ఇది మన విద్యార్థులు ఎదుర్కోవలసిన కథ అనే నిర్ణయానికి వచ్చాను. ఎదుర్కోవలసిన కథ అంటున్నాను. మెచ్చుకోవలసిన కథ అనడం లేదు.

ఒక విజ్ఞాన సర్వస్వపు ఒకే ఒక్క ప్రతిలో, మిగతా ప్రతులలో లేని నాలుగు పుటలు ఉంటాయి. వాటిలో ఉక్బార్ అనే దేశపు వర్ణన. ఆ దేశపు సాహిత్యం తన నేలను గురించి ఎన్నడూ చెప్పదు. ట్లోన్ వంటి కల్పిత సీమలను గురించే చెబుతుంది. కొన్నాళ్లకు ఆ ట్లోన్‌కే ప్రత్యేకించిన విజ్ఞాన సర్వస్వంలో పదకొండవ సంపుటం బయటపడుతుంది. ఒక పుస్తకానికి సాక్ష్యం మరొక పుస్తకమే. కాలికి నేల ఎక్కడా తగలదు. చివరకు ఆ సర్వస్వమే లోకాన్ని ఆక్రమిస్తుంది. బడులలో ట్లోన్ భాష, ట్లోన్ చరిత్ర ప్రవేశిస్తాయి.

ఇందులో నన్ను ఎక్కువసేపు నిలిపింది రాగి నాణాల ఘట్టం. ట్లోన్ ప్రజలు పుట్టు భావవాదులు. చూసేవాడు లేకుంటే వస్తువు లేదని వారి నమ్మకం. అక్కడొక మతద్రోహి ఒక ప్రశ్న వేస్తాడు: ఒకడు దారిలో తొమ్మిది నాణాలు పోగొట్టుకున్నాడు, తర్వాత నాలుగు ఒకరికి, మూడు మరొకరికి, రెండు అతనికే దొరికాయి, మధ్యకాలంలో ఎవరూ చూడకపోయినా అవి ఉన్నట్టే కదా? ఈ మామూలు మాట అక్కడ పెద్ద అపచారం. ఆ వాక్యానికి అర్థమే లేదని పండితులు వాదిస్తారు. నాంపల్లి స్టేషనులో మూటలు మోసే కూలీకి ఈ సందేహం రాదు. జారిపోయిన రూపాయి తనకు కనిపించకపోయినా ఎక్కడో ఉందనీ, ఇంకొకరి జేబులో చేరుతుందనీ అతనికి తెలుసు. భావవాదం రాజ్యం చేస్తే పండితులు ఏం నిరూపిస్తారో ఇంత స్పష్టంగా చెప్పిన కథ నేను మరొకటి చదవలేదు. బోర్హెస్ అది కోరి చేశాడా అన్నది వేరు సంగతి.

ఈ సర్వస్వానికి డబ్బు పెట్టినవాడు ఎజ్రా బక్లీ అనే అమెరికన్ కోటీశ్వరుడు, బానిసత్వ సమర్థకుడు. కథ ఈ వివరాన్ని కొద్ది మాటలలో దాటిపోతుంది. మనం దాటిపోరాదు.

నా అసలు పేచీ కథ చివరి అనుబంధంతో. 1940లోనే అచ్చయినా దానిమీద వేసిన తేదీ 1947. క్రమం ఉన్నట్టు కనిపిస్తే చాలు, మనుషులు మోసపోతారంటూ కథకుడు గతితార్కిక భౌతికవాదాన్ని, యూదు ద్వేషాన్ని, నాజీయిజాన్ని ఒకే వరుసలో నిలబెడతాడు. బోర్హెస్ నాజీలను బాహాటంగా వ్యతిరేకించినవాడే. ఆ గౌరవం ఆయనకు దక్కవలసిందే. కాని ఈ వరుస కూడా ఒక వర్గీకరణే. దేని పక్కన దేనిని పెడుతున్నాడో, ఎందుకు పెడుతున్నాడో చెప్పవలసిన బాధ్యత వర్గీకరించినవానిది. ఆచరణలో పరీక్షకు నిలబడతానన్న సిద్ధాంతాన్నీ, జాతిపేరిట మనుషులను ఏరి చంపిన సిద్ధాంతాన్నీ ఒకే అరలో పడేయడం తత్వవిచారం కాదు, సోమరితనం. అయితే మన శిబిరంలో ట్లోన్ పౌరులు లేరని బుకాయించనక్కరలేదు. 1948లో సోవియట్ వ్యవసాయ శాస్త్రాల అకాడమీ సభలో లైసెంకో వర్గం జన్యుశాస్త్రాన్ని బహిష్కరించినప్పుడు జరిగింది సరిగ్గా ఇదే: పుస్తకం గెలిచింది, పొలం ఓడింది.

1942లో జాన్ విల్కిన్స్‌మీద రాసిన వ్యాసంలో బోర్హెస్ జంతువులను విభజించే ఒక చైనా పట్టికను కల్పించాడు. ఆ పట్టికలోకి ఎక్కిన జంతువులన్నింటికీ అందులోనే ఒక అర ఉంటుంది. నవ్వు వస్తుంది. ఫూకో 1966లో తన గ్రంథాన్ని ఈ నవ్వుతోనే ప్రారంభించాడు. నిజమైన గ్రంథాలయ పట్టికను చూస్తే నాకు ఆ నవ్వు నిలవదు. 1876నాటి డ్యూయీ దశాంశ పద్ధతిలో ఆ పద్ధతికే ఒక సంఖ్య ఉంది: 025.431. మతాల తరగతిలో బైబిలుకు, క్రైస్తవానికి 220 నుంచి 280 దాకా కేటాయించి, తక్కిన లోకపు మతాలన్నింటినీ 290లో కుక్కారు. ఇంగ్లీషు సాహిత్యానికి 820 మొత్తం. తెలుగు సాహిత్యం దశాంశ బిందువు దాటి వెతికితే 894.827 దగ్గర కనిపిస్తుంది. ప్రతి వర్గీకరణా ఊహే అని బోర్హెస్ అంటాడు. కావచ్చు, కాని ఎవరి ఊహ? ఆ ప్రశ్న ఆయన వేయడు.

అందుకే ఆయన కథకుడు, లోకం ట్లోన్ అయిపోతుంటే, హోటలులో కూర్చుని ఒక పాత ఇంగ్లీషు గద్యగ్రంథాన్ని అనువదించుకుంటాడు. దాన్ని అచ్చువేసే ఉద్దేశం కూడా లేదంటాడు. మన హైదరాబాదులో మరొక విధంగా జరిగింది. తెలంగాణలో కవులే లేరన్న మాట వచ్చినప్పుడు సురవరం ప్రతాపరెడ్డి తన పత్రిక ద్వారా ఊళ్లనుంచి పద్యాలు, వివరాలు రప్పించి, 354 మంది కవులతో 1934లో ‘గోలకొండ కవుల సంచిక’ వెలువరించాడు. నాంపల్లిలో చిరకాలం నడిచిన తెలుగు విశ్వవిద్యాలయానికి 2025లో ఆయన పేరు పెట్టారు. ఎవరూ చూడనప్పుడు కూడా ఆ కవులు ఉన్నారు, మతద్రోహి నాణాలలాగే. అయితే అది ప్రధానంగా పద్యకవుల పట్టిక. నాట్లు వేస్తూ పాట కట్టిన మనిషిని అందులో వెతికితే దొరకడం కష్టం.