కల్పితగ్రంథ ప్రామాణ్యము: "నెక్రోనామికాన్" విమర్శ

లేని గ్రంథమును గూర్చి విమర్శ వ్రాయుట యుక్తమా యని పండితులు శంకింపవచ్చును. గుణాఢ్యుని బృహత్కథ నేఁడు దొరకకున్నను ఒకప్పుడుండెనని మనము నమ్ముచున్నాము. దాని ననుసరించితిమని చెప్పుకొనిన క్షేమేంద్ర సోమదేవుల కావ్యములు మన కందుకు సాక్ష్యము. ఇచ్చట విమర్శకుఁ గైకొనిన "నెక్రోనామికాన్" అట్టిది కాదు. అది నశించిన గ్రంథము కాదు. ఎన్నఁడును పుట్టని గ్రంథము. అమెరికాదేశపుఁ గథకుఁడు హెచ్. పి. లవ్‌క్రాఫ్ట్ (1890–1937) తన కథాలోకమునకు మూలశాస్త్రముగా దానిని గల్పించెను. అది తన కల్పనయే యని యతఁడు లేఖలలో స్పష్టముగాఁ జెప్పినను, నిజమని నమ్మినవారు పెక్కండ్రు. ఈ నమ్మకమునకుఁ గారణమేమో విచారింపవలసియున్నది.

1927లో లవ్‌క్రాఫ్ట్ ఈ గ్రంథమునకొక చరిత్రమును వ్రాసెను. అది యతని మరణానంతరము 1938లో ముద్రితమయ్యెను. దాని సారమిది: యెమెన్ దేశమునందలి సనా నగరపు ఉన్మత్తకవి అబ్దుల్ అల్హజ్రెద్ క్రీ. శ. ఎనిమిదవ శతాబ్దమున డమాస్కసునందు "అల్ అజీఫ్" అను పేర దీనిని రచించెను. 950లో థియోడోరస్ ఫిలెటాస్ గ్రీకు భాషలోనికిఁ బరివర్తించి నేఁటి పేరు పెట్టెను. 1050లో మైకేల్ అను మతాధ్యక్షుఁడు ప్రతులను దగ్ధము చేయించెను. 1228లో ఓలాస్ వర్మియస్ లాటిను చేసెను. 1232లో తొమ్మిదవ గ్రెగరీ పోపు నిషేధించెను. కర్తృనిర్ణయము, భాషాంతరీకరణములు, లుప్తమూలము, నిషేధము, ముద్రణములు: పీఠికాకారుఁడు చెప్పవలసిన వన్నియు నిందుఁ గలవు. గ్రంథమొక్కటియే లేదు.

ఇందలి సత్యాసత్యముల మేళనము పరిశీలింపఁదగినది. ఆ కాలమునఁ గాన్‌స్టాంటినోపిలునందు మైకేల్ అను మతాధ్యక్షుఁ డుండుట నిజము. తొమ్మిదవ గ్రెగరీ 1227 మొదలు 1241 వఱకుఁ బోపుగా నుండుటయు నిజము. కాని వర్మియస్ అనఁగా డెన్మార్కు పండితుఁడు ఓలె వర్మ్. అతఁడు జీవించినది 1588–1654 నడుమ. నాలుగు శతాబ్దముల ప్రమాదము! కవి పేరును నిట్టిదే. అరబ్బీ భాషయం దాపేరు వ్యాకరణమున కొదుగదు. అందు "అల్" అను నుపపదము రెండుమాఱులు వచ్చుచున్నది. గ్రంథనామమునకు "మృతుల ధర్మముయొక్క ప్రతిమ" యని లవ్‌క్రాఫ్ట్ చెప్పిన వ్యుత్పత్తియు నిలువదు. చివర నున్నది ప్రతిమావాచకము కాదనియు, విశేషణప్రత్యయ మనియు, పూనాలో జన్మించి లవ్‌క్రాఫ్ట్ రచనలకు శుద్ధపాఠములను సిద్ధపఱచిన ఎస్. టి. జోషి చూపెను. తేదీలు సరిచూచు పాఠకుని కీ తప్పులు తోఁచును. సరిచూడనివానికిఁ దేదీ యుండుటయే ప్రమాణమగును.

ఇఁక గ్రంథవిషయము. ఈ కల్పితశాస్త్రము కాలబద్ధము కాని శక్తులను జెప్పును. అందు యోగ్-సోథోత్ అనునది భూతభవిష్యద్వర్తమానము లేకమైయుండు ద్వారము. 1929లో వెలువడిన "డన్విచ్" కథయందు విల్బర్ వేట్లీ యా ద్వారమును దెఱచు మంత్రమును గోరును. అతనియొద్ద జాన్ డీ చేసిన యాంగ్లానువాదపుఁ బ్రతి యొకటి కలదు; కాని 751వ పుట నుండవలసిన భాగ మందు లోపించినది. కాఁబట్టి లాటిను ప్రతితోఁ బోల్చి చూచుటకు విశ్వవిద్యాలయ గ్రంథాలయమునకు వచ్చును. గ్రంథాలయాధికారి ఆర్మిటేజ్ ప్రతి నీయఁడు. దొంగిలఁబోయి విల్బర్ మరణించును. లోకనాశమున కడ్డుపడినది గ్రంథపాతము! పాఠపరిష్కరణ శ్రమ యెఱిఁగినవా రీ ఘట్టమును జదివి యానందింపకుండలేరు. మంత్రము మనకు వినఁబడదు. దాని లోపము మాత్రమే కనఁబడును. భయానకరస మిచట వ్యంగ్యమగుటచేతనే పరిపుష్టమైనది.

దీనికిఁ బ్రత్యుదాహరణమును నతని రచనలయందే కలదు. 1926లో వ్రాసిన "వెండి తాళపుచెవి" కథయందు ర్యాండాల్ఫ్ కార్టర్ అను ప్రౌఢుఁడు తాతలనాఁటి చెవిని గైకొని పుట్టినయూరికిఁ బోవుచు నడుమనే బాలుఁడగును. ఏ క్షణమున మాఱెనో చెప్పఁబడలేదు; విధి వర్ణింపఁబడలేదు. ఇ. హాఫ్‌మన్ ప్రైసుతోఁ గలసి రచింపఁగా 1934లో వెలువడిన తరువాయి కథయందన్ననో, చెవిని ద్రిప్పు విధము, ద్వారముల వరుస, కాలము భ్రాంతియను సిద్ధాంతము నన్నియు వివరింపఁబడినవి. మొదటిది కథ, రెండవది యుపన్యాసము. దెస తెలియని భయమునకుఁ బటము వ్రాసి యిచ్చినచో భయ మెక్కడిది? అయినను అందొక మంచి యూహ కలదు: కార్టర్ చెవిని గొనిపోయి, దానితోడి చర్మపత్రమును మఱచెను, అందుచేఁ దన పూర్వరూపమును బొందలేకపోయెను. ఇచటను విధిని జెఱచినది పాఠలోపమే.

ఆ కథలోనే కార్టర్ కాశీనుండి వచ్చిన "స్వామి చంద్రపుత్ర" యను వేషముతో వచ్చి తన వృత్తాంతమును దాను చెప్పును. మన దేశపు పేరును దలపాగయు నచట ముఖకవచములు మాత్రమే. కాలమును గూర్చి మనవారు చేసిన విచారము కథకుని కక్కఱకు రాలేదు. బ్రహ్మసభలో గడచిన ముహూర్తకాలము భూమిపై యుగములగుటను జెప్పు రైవతకకుద్మి కథ యెఱిఁగిన పాఠకుల కీ లోటు స్పష్టము.

1936లో నొక లేఖయందు లవ్‌క్రాఫ్ట్, ఈ గ్రంథమును నిజముగా వ్రాసినచో సూచనలకే వెఱచినవా రాశాభంగము పొందుదురని యభిప్రాయపడెను. ఆ మాట ఫలించినది. 1977లో "సైమన్" అను మాఱుపేరుతో నొక "నెక్రోనామికాన్" అచ్చయ్యెను. సుమేరు, బాబిలోను దేవతల పేర్లతో నిండిన యాగ్రంథమునందుఁ బై కథల గాంభీర్యము లేశమును లేదు.

అయినచో నీ విమర్శచే మనకుఁ గలుగు ప్రయోజనమేమి? క్లార్క్ ఆష్టన్ స్మిత్, రాబర్ట్ ఇ. హోవర్డ్ మొదలగు మిత్రులును దమ కథలలో నీ గ్రంథమును బేర్కొనిరి. వారు కల్పించిన గ్రంథముల నితఁడును బేర్కొనెను. ఇట్లు సాక్షులు పెక్కురయిరి; కాని యందఱును నొక్క పంక్తిలోనివారే. బృహత్కథకు సాక్ష్యము వేర్వేఱు దేశములనుండి, వేర్వేఱు మతములవారి నుండి వచ్చినది. ప్రాచీనత, లుప్తమూలము, నిషేధ మనునవి ప్రామాణ్యలక్షణములు కావు. అవి యెవరైనను గల్పింపఁగలవి. పరస్పరము సంకేతించుకొనని సాక్షులు కలరా యనుటయే యడుగవలసిన ప్రశ్న. అజ్ఞాతకర్తృకములగు తాళపత్రప్రతులను దినదినము చేతఁబట్టు మన కీ ప్రశ్న వినోదమునకుఁ గాదు. అది మన వృత్తిధర్మము.