క్యారేజీకి టికెట్టుంది, ఇలకి లేదు

రితేష్ బాత్రా ‘ది లంచ్‌బాక్స్’ (2013) గురించి ఎవరు మాట్లాడినా అడ్రస్ తప్పిన క్యారేజీ దగ్గరే మొదలుపెడతారు. నాకు మాత్రం అందులోని లోకల్ ట్రైనే ముఖ్యమనిపిస్తుంది.

మన సినిమాల్లో రైలంటే వీడ్కోలు, లేదంటే ఫైటు. బాంబే లోకల్ అనగానే తలుపులకి వేలాడే జనం. బాత్రా వీటి జోలికి పెద్దగా పోడు. ఆఫీసు నుంచి ఇంటికెళ్తూ షేక్ (నవాజుద్దీన్ సిద్దిఖీ) రైల్లోనే కూర్చుని, ఆఫీసు ఫైళ్ళ మీద పెట్టుకుని కూరగాయలు తరుగుతాడు. ఇంటికెళ్ళాక వంట తొందరగా అయిపోవాలి కదా. ఆఫీసుకీ ఇంటికీ మధ్య మిగిలిన ఆ కాస్త టైమూ వంటింట్లో కలిసిపోయిందన్నమాట.

ఇంకోచోట, రిటైర్మెంట్ దగ్గరపడ్డ సాజన్‌కి (ఇర్ఫాన్ ఖాన్) రైల్లో ఒకతను సీటివ్వబోతాడు. అది మర్యాదే. కానీ ఆ మర్యాదే అతని వయసుని అతనికి చెప్పేస్తుంది. ఇలని కలవడానికి రెస్టారెంట్‌ దాకా వెళ్ళి కూడా ఆమె ముందుకి రాడు. భార్య పోయిన మనిషికి ముసలితనం వచ్చిందని చెప్పడానికి ఆఖరికి పేరు తెలియని తోటి ప్రయాణికుడే మిగిలాడు.

సరే, మరి ఇల (నిమ్రత్ కౌర్)? ఆమె చేసిన వంట రోజూ రైలెక్కుతుంది. ఆమెని మాత్రం సినిమా ఎక్కువసేపు వంటింట్లోనే, పై అంతస్తు ఆంటీ గొంతు వింటూ ఉంచుతుంది. చివర్లో కూడా సాజన్ డబ్బావాలాలతో కలిసి రైల్లో ఆమెని వెతుక్కుంటూ వస్తుంటాడు. ఆమె ఇంట్లో కూతురి కోసం ఎదురుచూస్తుంటుంది. రోజూ విసుక్కుంటూ చేసే ప్రయాణం కూడా ఒక హక్కేనని ఈ రెండు దృశ్యాలూ పక్కపక్కన పెట్టి చూస్తే అర్థమవుతుంది. బాత్రా తెలిసే ఇలా చేశాడంటే నాకు నమ్మకం లేదు. ఇలకి తెగింపు ఇచ్చాడు గానీ టికెట్టు ఇవ్వలేదు.

పదకొండేళ్ళ తర్వాత పాయల్ కపాడియా ‘ఆల్ వి ఇమాజిన్ యాజ్ లైట్’లో (2024) ఆ టికెట్టు ఆడవాళ్ళ చేతికొచ్చింది. కేరళ నుంచి వచ్చిన నర్సులు ప్రభ, అను ఇక్కడ లోకల్‌లో తిరుగుతారు. రైల్లో ప్రభ ఎవరికీ జవాబు చెప్పక్కర్లేకుండా తన ఆలోచనల్లో తను ఉండగలదు. అలాగని రైలెక్కితే స్వేచ్ఛ వచ్చేసినట్టేనని కపాడియా చెప్పదు. అను, ఆమె ప్రేమించిన షియాజ్ కాసేపు ఏకాంతంగా ఉండటానికి అంత పెద్ద నగరంలో చోటు దొరకదు. అందుకోసం సముద్రం పక్కన ఇంకో ఊరికి పోవాల్సి వస్తుంది.

వీలైతే రెండూ వెంటవెంటనే చూడండి. లంచ్‌బాక్స్ మీద ఇష్టం తగ్గదు. కాకపోతే ఈసారి క్యారేజీ చేతులు మారినప్పుడల్లా, దాన్ని సర్దిన మనిషి ఎక్కడుందో వెతుక్కుంటారు.