తేటతెల్లం - ఎవరికి?

'విషయం తేటతెల్లమైంది' అని పత్రికలు తరచూ రాస్తుంటాయి. రెండర్థాలకు తావు లేకుండా తేలిపోయిందని భావం. ఈ మాట పుట్టుకను మనం తవ్వి చూడాల్సి ఉంది.

ఇది సంస్కృతం పెట్టిన భిక్ష కాదు. 'తేట' నీళ్ల మాట. మట్టి అడుక్కి దిగి నీళ్లు తేరుకుంటే పైన నిలిచేది తేట. 'తెల్లం' తెలుపుకు చుట్టం. తెల్ల, తెలివి, తెలియడం ఒకే ద్రావిడ ధాతువు బిడ్డలు. తమిళ 'తెళి' కూడా ఆ ఇంటిదే. 'తెలుపు' అంటే రంగు, తెలియజెయ్యడం కూడా.

వరంగల్ పల్లెల్లో మా పెద్దలకు తేట అంటే ఏందో నిఘంటువు చెప్పనక్కర్లేదు. ఊరిబావి ముట్టనియ్యని రోజుల్లో వాగు ఇసుకల చెలిమె తీసుకున్నరు. ముందు ఊరిన మురికినీళ్లు ఎత్తిపోస్తేనే తేటనీళ్లు వచ్చేవి. మహద్ చౌదార్ చెరువును మున్సిపాలిటీ 1924లోనే అందరికీ తెరిచింది. తీర్మానం తేటగానే ఉంది. అయినా 1927 మార్చి 20న అంబేద్కర్ వేలమందితో వెళ్లి తాగాకే ఆ హక్కు లోకానికి తెల్లమైంది.

సాహిత్యంలోనూ ఇదే పేచీ. తెలుపును తెలివికి, నలుపును అజ్ఞానానికి అంటగట్టిన వాడుకను దళిత స్త్రీల సంకలనాలు 'నల్లపొద్దు' (2003), 'నల్లరేగటి సాల్లు' (2006) పేర్లతోనే తిరగేసినయి. 'చిక్కనవుతున్న పాట' (1995) చిక్కదనాన్నే గౌరవంగా చెప్పుకుంది. మా వాడల భాష 'స్పష్టంగా లేద'నే విమర్శకులు ఎవరి చెవికి స్పష్టమో చెప్పరు. మా ఇంట్లో మొదటిసారి విశ్వవిద్యాలయం మెట్లెక్కిన మాకు తరగతిలో ఎదురైందీ ఈ మాటే.

తేటగా చెప్పాల్సిన బరువు ఎప్పుడూ బాధితుల మీదే పడుతుంది. 1989 అత్యాచారాల నిరోధక చట్టానికి 2015లో చేసిన సవరణ, నలుగురి ఎదుట కులం పేరుతో తిట్టడాన్ని విడిగా నేరమంది. ఇది అవసరమైన రక్షణే. కానీ కేసు పెట్టాలంటే తిట్టిన మాటను తిట్టించుకున్నవాళ్లే మళ్లీ నోటితో అనాలె. తిట్టేవాడు మాత్రం 'మీవోళ్లు గింతే' అని తప్పుకుంటడు. కులం పేరు రాలేదు, విన్న ప్రతివాడికీ అర్థమైంది. ఆధిపత్యం ఆ మసకలోనే దాక్కుంటుంది.

కాబట్టి దళిత విమర్శ పని మా మాటలను వాళ్లకు తేట చెయ్యడంతో తీరదు. వాళ్ల మసకమాటల అడుగున దిగిన మడ్డిని ఎత్తిపోయాలె. చెలిమె తీసినోళ్లకు ఆ పని కొత్త కాదు.